ఇల్లు వదిలి వెళ్లాల్సింది ఎవరు?

చెప్పకుండా బయటికెళ్లినా, ఇంటినీ పిల్లల్నీ పట్టించుకోకపోయినా, ఎదురు మాట్లాడినా, పడకకు ఒప్పుకోకపోయినా, వంట సరిగ్గా చేయకపోయినా, ప్రవర్తన మీద అనుమానం వచ్చినా, అత్తమామల్ని లెక్కచేయకపోయినా భర్త భార్యను కొట్టడం సబబేనా? 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో అడిగిన ప్రశ్న ఇది. ఈ ఏడింటిలో కనీసం ఒక్క కారణానికైనా సబబేనని తెలంగాణలో 83.8 శాతం, ఆంధ్రప్రదేశ్‌లో 83.6 శాతం మంది ఆడవాళ్లు చెప్పారు. హిమాచల్‌ప్రదేశ్‌లో అలా అన్నవాళ్లు 14.8 శాతమే. తెలంగాణ మగవాళ్లలో ఆ మాట అన్నది సుమారు 70 శాతం. అంటే కొట్టే వైపు కన్నా దెబ్బలు తినే వైపే సమర్థన ఎక్కువ.

ఈ అంకెలు బయటికొచ్చినప్పుడు "ఆడదానికి ఆడదే శత్రువు" అనే పాత పాట మళ్లీ వినిపించింది. నాకు అలా అనిపించదు. వేరే దిక్కులేని మనిషికి కారణం ఒక ఆసరా. వంట బాగుంటే, నోరు అదుపులో ఉంటే, అత్తగారి దగ్గర అణకువగా ఉంటే దెబ్బ పడదన్న నమ్మకం ఉన్నంతకాలం రోజు గడుస్తుంది. కారణమే లేకుండా కొడతాడని ఒప్పుకుంటే అదే కప్పు కింద రేపు ఎలా నిద్రపోవాలి? సర్వే వాళ్లకు వచ్చిన ఆ జవాబు నా లెక్కలో అభిప్రాయం కాదు, ఆ ఇంట్లో నెట్టుకురావడానికి ఆమె చేసుకున్న ఏర్పాటు.

ఎంతమంది ఇలా నెట్టుకొస్తున్నారు? 18 నుంచి 49 ఏళ్ల మధ్య ఉన్న, పెళ్లయిన ఆడవాళ్లలో భర్త చేతిలో ఎప్పుడో ఒకప్పుడు హింసకు గురైనవారు తెలంగాణలో 36.9 శాతం, ఆంధ్రప్రదేశ్‌లో 30 శాతం, దేశం మొత్తంమీద 29.3 శాతం. అన్నిటికన్నా ఎక్కువగా కనిపించేది చెంపదెబ్బ. దేశంలో ప్రతి నలుగురిలో ఒకరు తిన్నారు. దాన్ని మన ఇళ్లలో హింస అనే అనరు, "చెయ్యి చేసుకున్నాడు" అంటారు. ఈ రెండు రాష్ట్రాల్లో సర్వే 2019లోనే ముగిసింది కాబట్టి లాక్‌డౌన్‌లో నాలుగు గోడల మధ్య జరిగింది ఈ లెక్కలోకి రాలేదు.

ఆంధ్రప్రదేశ్‌లో అంతకుముందు విడతలో సుమారు 43 శాతం ఉన్నది 30కి తగ్గిందని సంబరపడేముందు పక్కన కర్ణాటకను చూడాలి. అక్కడ అదే కాలంలో 20.6 నుంచి 44.4కి పెరిగింది. నాలుగేళ్లలో కన్నడ మొగుళ్లు రెట్టింపు దుర్మార్గులైపోరు కదా. ఈ ప్రశ్నలు ఇంటికొక ఆడమనిషిని, అదీ ఒంటరిగా దొరికితేనే అడుగుతారు. అడిగిన మనిషి తీరును బట్టి, ఆ పూట అత్తగారు వసారాలో ఉందా లేదా అన్నదాన్ని బట్టి నోరు తెరుచుకుంటుంది. అందుకే ఈ అంకెల్ని కనీస లెక్కగా తీసుకోవడమే మంచిది.

తాగుడు మాటేమిటి అంటారు. నిజమే. తరచూ తాగొచ్చే భర్తలున్న ఆడవాళ్లలో 70 శాతం శారీరక లేదా లైంగిక హింసను చూసినవారే. తెలంగాణలో మగవాళ్లలో 43 శాతం తాగుతారు. నెల్లూరు జిల్లా దూబగుంటలో వర్ధినేని రోశమ్మ, ఆమెతోటి ఆడవాళ్లు అక్షరాలు నేర్చుకునే తరగతుల్లోంచి లేచి వెళ్లి సారా దుకాణం మూయించింది ఊరికే కాదు. తమ ఒంటి మీది దెబ్బలకూ ఆ ప్యాకెట్‌కూ ఉన్న లంకె వాళ్లకు తెలుసు. 1993లో సారా, 1995లో మొత్తం మద్యం నిషేధమయ్యాయి. 1997లో మద్యం మళ్లీ వచ్చేసింది. కానీ అదే సర్వేలో భర్త చుక్క ముట్టని ఇళ్లలోనూ 23 శాతం మంది దెబ్బలు తిన్నారు. తాగుడు మాన్పిస్తే చాలా మేలు జరుగుతుంది, కానీ చుక్క ముట్టని ఇళ్లలోనూ దాదాపు పావువంతు చోట్ల దెబ్బలున్నాయి, మాన్పించడానికి అక్కడ తాగుడే లేదు.

దెబ్బ ఒంటితో ఆగదు. హింసను అనుభవించే ఆడవాళ్లకు కుంగుబాటు వచ్చే అవకాశం మిగతావారికన్నా దాదాపు రెట్టింపని, తక్కువ బరువుతో బిడ్డ పుట్టే ప్రమాదం 16 శాతం ఎక్కువని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2013లోనే లెక్కగట్టింది. మన ఆసుపత్రుల్లో మాత్రం ఇది "బాత్రూంలో జారిపడ్డాను" అనే వాక్యంగా నమోదవుతుంది. ఓపీలో వంద మంది వరుసలో ఉంటే డాక్టరు రెండో ప్రశ్న అడగరు. అడిగినా పక్కనే భర్త నిలబడి ఉంటాడు. ఇక పిల్లల సంగతి. తండ్రి తల్లిని కొట్టడం చూస్తూ పెరిగిన ఆడపిల్లలు పెళ్లయ్యాక తామూ దెబ్బలు తినడం మిగతావారిలో కన్నా చాలా ఎక్కువని సర్వేలు విడత తర్వాత విడత చెబుతున్నాయి. ఆమె చేతికి అందిన జీతం, ఏటీఎం కార్డు భర్త జేబులో ఉండటం, ఫోన్ పాస్‌వర్డ్ అతనికి చెప్పి తీరాల్సి రావడం లాంటివి ఇంకా చాలామందికి హింసగా తోచనే తోచవు.

దెబ్బలు తిన్నవారిలో 77 శాతం మంది ఎవరి సాయమూ కోరలేదు, ఎవరికీ చెప్పనూ లేదు. సాయం అడిగినవారు 14 శాతం. వాళ్లలోనూ ఎక్కువమంది తలుపు తట్టేది పుట్టింటిదే, పోలీసులది కాదు. పుట్టింట్లో రెండు రోజులు ప్రేమగా చూస్తారు. మూడో రోజు నుంచి వీధిలో అడిగేవాళ్లకు ఏం చెప్పాలన్న టెన్షన్ మొదలవుతుంది. మొగుడు కొట్టినందుకు కాదు, తోటికోడలు నవ్వినందుకు ఏడ్చిందన్న సామెత ఈ ఘట్టం కోసమే పుట్టినట్టుంటుంది. చెల్లెలి పెళ్లి కావాలి, తమ్ముడికి కొత్తగా పెళ్లయింది, ఉన్నవి రెండు గదులు. చివరికి మేనమామ, ఊళ్లో ఇద్దరు పెద్దమనుషులు కలిసి ఆమెను వెంటబెట్టుకుని దిగబెట్టి వస్తారు. దాన్ని "కాపురం నిలబెట్టడం" అంటారు.

ఏ కొద్దిమందో స్టేషన్ దాకా వెళ్తారు. మహిళా పోలీస్ స్టేషన్ వరండాలో ఒక పూట గడిపితే అక్కడి పద్ధతి అర్థమవుతుంది. ఒక బెంచీ మీద అమ్మాయి, తల్లి, బాబాయి. ఎదుటి బెంచీ మీద అబ్బాయి, అతని అక్కాబావలు. రెండేళ్ల పిల్ల ఆ బెంచీకీ ఈ బెంచీకీ మధ్య తిరుగుతుంటుంది. లోపలికి పిలిచాక ఆమె చెయ్యి చూపిస్తుంది. "కోపంలో ఒక్కసారి చెయ్యి చేసుకున్నాడండీ, మావాడు అలాంటోడు కాదు" అని అక్క అందుకుంటుంది. కౌన్సెలింగ్ చేసే మేడమ్ నిజంగా మంచి మనిషే, గొంతు కూడా పెంచదు. అడిగే మొదటి ప్రశ్న మాత్రం ఇది: "కొట్టేముందు నువ్వేమన్నావమ్మా?" సర్వేలోని ఏడు కారణాలూ ఆ ఒక్క ప్రశ్నలో ఇమిడిపోయాయి. గంట తర్వాత తెల్లకాగితం వస్తుంది. ఇకమీదట భార్యను బాగా చూసుకుంటానని అతను రాస్తాడు. అత్తమామలతో సఖ్యంగా ఉంటానని ఆమె చేత కూడా రాయిస్తారు. ఇద్దరి సంతకాలు పడ్డాక ఒకే బండి మీద పంపేస్తారు. ఫిర్యాదు పరిష్కారమైనట్టు రికార్డులో ఎక్కుతుంది.

స్టేషన్ వాళ్లను తిట్టి ప్రయోజనం లేదు. ఆ సాయంత్రం ఆమెను ఎక్కడికి పంపాలన్నది వాళ్లకూ ప్రశ్నే. హింసకు గురైన ఆడవాళ్ల కోసం ప్రభుత్వం పెట్టిన సఖి కేంద్రం ఉంది, మహిళా హెల్ప్‌లైన్ 181కి ఫోన్ చేస్తే దారి చూపిస్తారు. కానీ సఖి కేంద్రంలో ఉండనిచ్చేది ఐదు రోజుల పాటే. ఆరో రోజు సంగతి?

విచిత్రం ఏమిటంటే చట్టం ఈ ప్రశ్నను ఇరవై ఏళ్ల కిందటే తిరగేసి పెట్టింది. గృహహింస నుంచి మహిళల రక్షణ చట్టం 2005లో వచ్చి, 2006 అక్టోబరు 26 నుంచి అమల్లో ఉంది. ఇల్లు ఎవరి పేరున ఉన్నా అందులో ఉండే హక్కు ఆమెకు ఉందని సెక్షన్ 17 చెబుతుంది. అవసరమైతే భర్తనే బయటికి వెళ్లమని ఆదేశించే అధికారం సెక్షన్ 19 కింద మెజిస్ట్రేటుకు ఉంది. అవతలి పక్షం రాకముందే మధ్యంతర ఉత్తర్వు ఇవ్వొచ్చు. దరఖాస్తు అందిన మూడు రోజుల్లో మొదటి వాయిదా, తొలి వాయిదా నుంచి అరవై రోజుల్లో ముగింపు ఉండాలన్నది చట్టం ఉద్దేశం. ఉత్తర్వు మీరితే ఏడాది దాకా జైలు. పెళ్లి కాకుండా భార్యాభర్తల్లా కలిసి ఉంటున్నవారికీ ఇది వర్తిస్తుంది.

అమల్లోకి వచ్చిన రెండు నెలలకే, 2006 డిసెంబరులో, బాత్రా కేసులో సుప్రీంకోర్టు ఈ హక్కుకు గండి కొట్టింది. ఇల్లు అత్తగారి పేరున ఉంటే కోడలికి అక్కడ ఉండే హక్కు లేదంది. "ఇల్లు మా అమ్మది" అన్న ఒక్క మాటతో ఎందరు కోడళ్లు బయటికి వచ్చారో! 2020 అక్టోబరులో అహూజా కేసులో అదే కోర్టు ఆ తీర్పును తప్పుపట్టేదాకా పద్నాలుగేళ్లు గడిచాయి. ఈలోగా కింది కోర్టుల్లో ఈ చట్టం మనోవర్తి చట్టంగా స్థిరపడిపోయింది. నెలకు ఇంతని అడగడం, బకాయిల కోసం తిరగడం, ఇదే పని. సమన్లు "చిరునామాలో లేరు" అని తిరిగొస్తాయి. అరవై రోజులనుకున్నవి ఏళ్లకేళ్లు సాగుతాయి. ఇంట్లోకెళ్లి చూసి నివేదిక రాయాల్సిన రక్షణాధికారికి అంగన్‌వాడీల నుంచి బాల్యవివాహాల దాకా వంద పనులు. రాష్ట్రాలు ఈ అధికారులను గుర్తించి నియమించాలని సుప్రీంకోర్టు 2025 మేలో ఆరు వారాల గడువు పెట్టి మరీ చెప్పాల్సి వచ్చింది.

ఈ లోటు వల్లే అందరూ భార్యను వేధించే భర్తకు, అత్తింటివాళ్లకు శిక్ష వేసే క్రిమినల్ సెక్షన్ 498ఏ వైపు పరిగెత్తారు. ఇప్పుడది భారతీయ న్యాయ సంహితలో సెక్షన్ 85. 2022లో దేశంలో మహిళలపై నేరాల కింద 4,45,256 కేసులు నమోదైతే అందులో 31.4 శాతం ఇవే. దుర్వినియోగం అవుతోందన్న మాటను నేను కొట్టిపారేయను. 2024 డిసెంబరులో తెలంగాణ నుంచి వెళ్లిన ఒక కేసులోనే సుప్రీంకోర్టు ఆ హెచ్చరిక చేసింది. వేరే ఊళ్లో కాపురం చేసుకుంటున్న ఆడపడుచును, ఆమె భర్తను కూడా ఫిర్యాదులో ఇరికించే వకీళ్లు మనకు తెలియనివాళ్లు కాదు. తప్పుడు కేసులో ఇరుక్కున్న మగవాడి వేదన, అతని ముసలి తల్లిదండ్రుల వేదన నిజమైనవే. అయితే ఆమె ఆ కేసు ఎందుకు పెడుతుందో కూడా చూడాలి. ఉండటానికి చోటు, పిల్లల ఖర్చు, తెచ్చిన బంగారం అడిగే దారి నత్తనడక నడుస్తుంటే, జైలు భయం పెట్టి రాజీకి రప్పించడమే తొందరగా తేలే మార్గమవుతుంది. రాజీ కుదిరాక ఆమె సాక్ష్యం చెప్పదు, కేసు కొట్టేస్తారు. ఆ కొట్టివేతను చూపించి "చూశారా, అన్నీ తప్పుడు కేసులే" అంటారు. సివిల్ దారి సరిగ్గా నడిస్తే క్రిమినల్ దారి మీద ఈ రద్దీ తగ్గుతుంది. అది మగవాళ్ల సంఘాలు కూడా కోరుకోవాల్సిన విషయం.

అమెరికాలో ఉన్న మన అమ్మాయిల పరిస్థితి చూస్తే ఇల్లు అన్న మాటకు ఇంకో అర్థం తెలుస్తుంది. హెచ్1బీ ఉద్యోగ వీసా మీద ఉన్న భర్త వెంట హెచ్4 మీద వెళ్లినవాళ్లకు వీసా కూడా భర్త పేరు మీదే నడుస్తుంది. అపార్ట్‌మెంట్ లీజు అతనిది, కారు అతనిది, "ఇండియా పంపించేస్తా" అన్నది రోజువారీ బెదిరింపు. భర్త అమెరికా పౌరుడో గ్రీన్‌కార్డుదారో అయితే భార్య సొంతంగా దరఖాస్తు చేసుకునే వీలు అక్కడి చట్టంలో ఉంది. హెచ్1బీ భర్త అయితే ఆ దారి లేదు. హింసకు గురైన హెచ్4 భార్యకు విడిగా పని అనుమతి అడిగే వెసులుబాటు మాత్రం ఉంది, అది తెలిసినవాళ్లు తక్కువ. న్యూజెర్సీలో మానవి, బే ఏరియాలో మైత్రి లాంటి దక్షిణాసియా మహిళల సంస్థలు దశాబ్దాలుగా ఈ పనే చేస్తున్నాయి. పెళ్లికి ముందు అబ్బాయి ప్యాకేజీ ఎంతో కనుక్కునే తల్లిదండ్రులు ఈ పేర్లు కూడా కూతురి చేత రాయించి పంపితే మంచిది.

ఇంతకీ ఇల్లే తేడా తెస్తుందనడానికి ఆధారమేమిటి? ప్రదీప్ పాండా, బీనా అగర్వాల్ కేరళలోని తిరువనంతపురం జిల్లాలో చేసిన అధ్యయనం 2005లో వెలువడింది. ఆస్తి ఏమీ లేని ఆడవాళ్లలో 49 శాతం భర్త చేతిలో దెబ్బలు తిన్నారు. భూమి ఒక్కటే ఉన్నవారిలో అది 18 శాతం, ఇల్లు ఒక్కటే ఉన్నవారిలో 10 శాతం, రెండూ ఉన్నవారిలో 7 శాతం. భూమికన్నా ఇల్లే ఎక్కువ కాపాడిందన్నది అందులో నాకు ముఖ్యంగా తోచిన సంగతి. అర్ధరాత్రి బయటికి వెళ్లినా తలదాచుకోవడానికి ఒక చోటుందని ఇద్దరికీ తెలిసి ఉండటమే సగం రక్షణ.

ఆడపిల్లకు ఆస్తిహక్కులో మనం వెనకబడినవాళ్లం కాదు. కేంద్రం 2005లో చేసిన సవరణను ఎన్టీఆర్ హయాంలో ఆంధ్రప్రదేశ్ ఇరవై ఏళ్లు ముందే చేసింది. 1985 సెప్టెంబరు 5 నుంచే పెళ్లికాని కూతుళ్లకు ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా వాటా వచ్చింది. కాగితం మీద. ఆచరణలో కట్నమే వాటా అయింది. పుట్టింటి రాకపోకలు తెగిపోతాయన్న భయంతో అక్కాచెల్లెళ్లు హక్కు విడుదల పత్రాల మీద సంతకాలు పెట్టి, సారె చీర కట్టుకుని తిరిగొస్తున్నారు. ఆ సంతకంతో వాళ్లు వదులుకునేది పొలంలో వాటా మాత్రమే కాదు, రేపు కష్టం వస్తే పుట్టింట్లో అడిగి ఉండగల గది కూడా.

ప్రభుత్వాలు తెలిసో తెలియకో ఒక మంచి పని చేశాయి. ఇందిరమ్మ ఇళ్లు ఆడవాళ్ల పేరు మీదే ఇస్తున్నారు. ఆంధ్రప్రదేశ్‌లో 2020 డిసెంబరు నుంచి సుమారు 30 లక్షల ఇళ్ల స్థలాల పట్టాలు ఆడవాళ్ల పేరునే పంచారు. అయినా ఆ కాలనీల్లో రాత్రి గొడవైతే పిల్లల్ని చంకనేసుకుని పక్కింటి గుమ్మం ఎక్కేది పట్టా ఉన్న మనిషే. పట్టా లేనివాడు లోపల గడియ పెట్టుకుని పడుకుంటాడు. సెక్షన్ 19 కింద భర్తను బయటికి పంపడానికి మెజిస్ట్రేట్లు సందేహించేది ఎక్కువగా ఆస్తి అతనిదో అతని తల్లిదో అయినప్పుడు. ఇక్కడ ఆ సందేహానికే తావు లేదు, రికార్డు ప్రభుత్వం దగ్గరే ఉంది. రక్షణాధికారి నివేదికకు పట్టా నకలు జతచేసి, మొదటి వాయిదాలోనే మధ్యంతర ఉత్తర్వు అడిగి, స్టేషన్ నుంచి ఇద్దరు కానిస్టేబుళ్లు వెళ్లి అతని సామాను బయట పెట్టించి వచ్చేలా కలెక్టర్లు, జిల్లా న్యాయసేవాధికార సంస్థలు ఒక పద్ధతి రాసుకోవచ్చు. దానికి కొత్త చట్టం అక్కర్లేదు, కొత్త బడ్జెట్టూ పెద్దగా అక్కర్లేదు. ఏ జిల్లాలోనైనా మొదట ఆ పట్టాల కాలనీల నుంచే మొదలుపెట్టొచ్చు.