ఇసుక గడియారం బోర్లిస్తే సేనాపతి లేచాడు

(తమ్ముడు ఫాంటసీ నవల రాస్తున్నాడు. పన్నెండో అధ్యాయంలో సేనాపతి చనిపోతాడు. పద్నాలుగులో రాణి గుడిలోని మాయ ఇసుక గడియారం బోర్లిస్తుంది, కాలం వెనక్కి తిరుగుతుంది, ఆయన లేస్తాడు. అక్క చదివి ఫోన్ చేసింది.)

అక్క: సేనాపతి పోయాడని నిజంగా ఏడ్చాన్రా. రెండు అధ్యాయాలు తిరక్కుండానే లేచి మీసం దువ్వుకుంటున్నాడు. నా ఏడుపు నాకిచ్చెయ్.

తమ్ముడు: ఫాంటసీ అక్కా. మాయ ఉంటుంది. వద్దనుకుంటే చరిత్ర పుస్తకం చదువుకో.

అక్క: మాయ మీద కోపమైతే భారతమే చదవలేను. పొద్దుగుంకేలోపు సైంధవుణ్ణి చంపకపోతే అగ్నిలో దూకుతానన్నాడు అర్జునుడు. పక్కనున్నది సాక్షాత్తూ కృష్ణుడు. ఆ పూటని ఇంకో నాలుగు గడియలు సాగదీయలేడా? సాగదీయలేదు. పొద్దు పోయినట్టు భ్రమ కల్పించాడు, సైంధవుడు తల బయటపెట్టాడు, అంతే. గడువు గడువులాగే ఉంది కాబట్టే మనకి గుండె దడ. సావిత్రి సంగతి చూడు. యముడి వెంట నడిచి, మాటకి మాట చెప్పి వరాలు గుంజుకుంది గానీ, నిన్నటికి పోయి సత్యవంతుణ్ణి అడవికి వెళ్ళొద్దనలేదు. కకుద్మి అయితే మరీ పాపం. కూతురు రేవతికి ఎవరినిచ్చి చెయ్యాలో అడగడానికి బ్రహ్మ దగ్గరికెళ్ళి, అక్కడ పాట అయ్యేదాకా కూర్చున్నాడు. ఈలోపు భూమ్మీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయి. మనసులో పెట్టుకున్న పెళ్ళికొడుకుల మనవలు కూడా మిగల్లేదు. బ్రహ్మ ఏమైనా వెనక్కి తిప్పాడా? పోయి బలరాముడికిచ్చి చెయ్యమన్నాడు.

తమ్ముడు: మరి సుమతి? తెల్లారేసరికి నీ మొగుడు చస్తాడని మాండవ్యుడు శపిస్తే, అసలు తెల్లారకూడదంది. తెల్లారలేదు. మార్కండేయ పురాణం చదువుకో. కాలాన్ని ఆపడానికి ఆవిడకి గడియారం కూడా అక్కర్లేకపోయింది.

అక్క: ...బాగానే కొట్టావు.

తమ్ముడు: పైగా అనసూయ వచ్చి పొద్దు పొడిపించాక చచ్చిన మొగుణ్ణి బతికించింది కూడా. నా సేనాపతి చేసుకున్న పాపమేంటి?

అక్క: మధ్యలో జరిగింది మింగేశావు. పొద్దు లేక యజ్ఞాలు ఆగిపోయాయి, దేవతలకి హవిస్సు అందలేదు, అందరూ బ్రహ్మ దగ్గరికి పరుగెత్తారు. ఒకావిడ మొగుడి కోసం లోకమంతా చీకట్లో కూర్చుంది. నీ రాణి గడియారం బోర్లిస్తే ఎవరికేం పోయింది, చెప్పు?

తమ్ముడు: ఇసుక తరిగిపోతుంది కదా! 2003లో వచ్చిన ప్రిన్స్ ఆఫ్ పర్షియా ఆటలో ఇలాగే ఉంటుంది. బాకులో ఇసుక ఉన్నంతసేపే కాలం వెనక్కి. అయిపోయాక లోయలో పడితే పడినట్టే.

అక్క: అది ఆటరా. పడ్డప్పుడల్లా నీ వేళ్ళకి దూకడం వస్తుంది. పాఠకుడికేం వస్తుంది?

తమ్ముడు: దాని ముగింపు నీకు తెలీదు. యువరాజు బాకుని పెద్ద ఇసుక గడియారంలో గుచ్చి, మొత్తాన్ని యుద్ధానికి ముందు రాత్రికి తిప్పేస్తాడు. అంతసేపూ పక్కన నిలబడి పోరాడిన ఫరాకి అతనెవరో తెలీదు. జరిగిందంతా అతనొక్కడికే గుర్తుంటుంది.

అక్క: ఇదే కదరా నేను గంట నుంచి మొత్తుకుంటున్నది! అక్కడ గడియారం ఆ పిల్లని పట్టుకుపోయింది. హ్యారీ పోటర్‌లో మూడో పుస్తకంలో గొలుసుకి వేలాడిన ఇసుక గడియారం గుర్తుందా? ఐదో పుస్తకానికి వచ్చేసరికి మంత్రిత్వ శాఖలో దాచినవన్నీ పగలగొట్టించింది రచయిత్రి. లేకపోతే ఎవరు పోయినా, తిప్పొచ్చు కదా అని అడగరూ? రేపు నీ రాజుగారు పోతే నేనూ అదే అడుగుతా. ఇంకోటి, గుళ్ళో గడియకోసారి బోర్లిస్తారని రాశావు. గడియలు కొలవడానికి చిల్లు పెట్టిన రాగి గిన్నె కదా? నీళ్ళలో వదిలితే 24 నిమిషాలకి మునిగేది.

తమ్ముడు: ఎడారి రాజ్యం అక్కా. తాగడానికే నీళ్ళు లేవు, గిన్నె ముంచుతారా?

అక్క: సరే, ఇసుకే. కానీ గాజు ఊదడం వచ్చా వాళ్ళకి?

తమ్ముడు: వచ్చు. మూడో అధ్యాయం దాటేశావా? పైగా ఇసుకైతే ఓడ ఊగినా పనిచేస్తుంది. నావికులు అరగంట గడియారాన్ని ఎనిమిదిసార్లు తిప్పితే నాలుగు గంటల కాపలా అయ్యేది. త్వరగా పడుకోవాలని పూర్తిగా రాలకముందే తిప్పేసే దొంగలూ ఉండేవాళ్ళు.

అక్క: నీ నవలలో ఓడే లేదు.

తమ్ముడు: రెండో భాగంలో ఉంటుంది.

అక్క: ఎడారిలో ఓడ! సర్లే. ఎడారి ఇసుక అలాగే పోస్తే గాజు నడుము అరిగిపోతుంది, తెలుసా? అందుకే యూరప్‌లో పాలరాతి పొడి, గుడ్డు పెంకుల పొడి పోసేవాళ్ళు. నడుము అరిగితే సందు వెడల్పవుతుంది, ఇసుక తొందరగా జారుతుంది.

తమ్ముడు: అంటే రాణి తిప్పినకొద్దీ గంట కురచవుతుందా? రాజ్యంలో అందరికీ?

అక్క: పంట చేతికి రాకముందే చలికాలం వస్తుంది. చంటిపిల్ల తల్లి చంక దిగకముందే పెళ్ళీడుకొస్తుంది. అప్పుడు తిప్పమను రాణిని, చూస్తాను.

తమ్ముడు: ఆలోచిస్తా. కానీ సేనాపతి బతకాలి. రెండో భాగంలో ఆయన పెళ్ళి.

అక్క: చెయ్యి. పెళ్ళికూతురికి మాత్రం ఆయన శవాన్ని చూసిన రోజు గుర్తుండాలి.

తమ్ముడు: గుర్తుంటే ఆవిడ తాళి కట్టించుకోదే!

అక్క: కట్టించుకోకపోతే, అది రాయి.