ఇన్సులిన్ ఫ్రిజ్‌లోనే ఉండాలి: పిరమిడ్ మెసేజ్‌కి నా జవాబు

ఈ నెలలో ఇది ఆరోసారి. ముందు అపార్ట్‌మెంట్ గ్రూపులో వచ్చింది, తర్వాత ఇంటర్ బ్యాచ్ గ్రూపులో, నిన్న రాత్రి మా మేనమామ దగ్గర్నుంచి. "గీజా పిరమిడ్ సమాధి కాదు, అనునాద శక్తి కేంద్రం, రష్యా శాస్త్రవేత్తలు తేల్చేశారు" అని మొదలవుతుంది. గ్రానైట్‌లోంచి కరెంటు, కాంతి వేగంతో సరిపోయే అక్షాంశం, పిరమిడ్ కింద పెడితే పదునెక్కే బ్లేడు అన్నీ అయ్యాక చివర్లో అసలు మాట: "ఇంట్లో రాగి పిరమిడ్ పెట్టుకోండి. మందులు దాని కింద ఉంచండి, ఫ్రిజ్ అక్కర్లేదు. షుగర్ దానంతటదే దిగుతుంది."

ఇన్నాళ్లూ చూసీ చూడనట్టు వదిలేశాను. ఇక వదలను.

అక్షాంశం సంగతి రెండు ముక్కల్లో తేల్చేద్దాం. కాంతి వేగం సెకనుకు 299,792,458 మీటర్లు, పిరమిడ్ అక్షాంశం 29.9792458 డిగ్రీలు, అంకెలు ఒకటేనట. మీటరు పుట్టిందే 1790లలో, ఫ్రాన్సులో. ఆ పిరమిడ్ కట్టించిన ఈజిప్టు రాజు ఖుఫూ మనుషులు సెకనుకు ఇన్ని మీటర్లని దేంతో కొలిచారు? పైగా ఆ అంకెల్లో చివరిది నేల మీద ఒక సెంటీమీటరుకు సమానం. పిరమిడ్ అడుగు వెడల్పు 230 మీటర్లు. మొదటి నాలుగైదు అంకెలు కలవడం కాకతాళీయం, మిగతావి ఆ వెడల్పులో ఎక్కడో ఒకచోట దొరికి తీరతాయి. ఇక బ్లేడు: 1959లో చెకోస్లొవేకియాలో దానికి పేటెంటు ఇచ్చిన మాట నిజమే. పేటెంటు రుజువు కాదు. అంతే.

సమాధి కాదనే మాట కూడా కొత్తదేం కాదు. 2013లో ఎర్ర సముద్రం ఒడ్డున వాది అల్ జర్ఫ్‌లో పపైరస్ చుట్టలు దొరికాయి. వాటిలో మేరెర్ అనే అధికారి రాసుకున్న దినచర్య ఉంది. తూరా క్వారీ నుంచి సున్నపురాయి పడవలకెత్తి గీజాకు చేర్చడం, పది రోజులకు రెండు మూడు ట్రిప్పులు. కట్టినవాళ్ల రోజువారీ లెక్క అది. పిరమిడ్‌ని వాళ్లు పిలిచిన పేరు కూడా అందులో ఉంది: ఖుఫూ దిగంతం. అంటే ఆ రాజు కోసం కట్టిందని.

గ్రానైట్ మాటకొస్తే, ఒత్తిడి పడితే అందులో ఉండే క్వార్ట్జ్ అనే ఖనిజంలో విద్యుత్తు పుడుతుందన్నది నిజం. వంటింట్లోకి వెళ్లి, అదే సూత్రంతో పనిచేసే గ్యాస్ లైటర్ తీసి నొక్కండి. టిక్‌మని ఒక రవ్వ. బొటనవేలు తీయకుండా అలాగే అదిమి పట్టుకోండి. ఎంతసేపు పట్టుకున్నా ఇంకో రవ్వ రాదు. ఒత్తిడి మారినప్పుడే విద్యుత్తు. పిరమిడ్ లోపల రాజు గది అనే గదిలోని గ్రానైట్ రాళ్లు నాలుగున్నర వేల ఏళ్లుగా అదే బరువు కింద కదలకుండా ఉన్నాయి. పైగా గ్రానైట్‌లో క్వార్ట్జ్ గింజలు తలో దిక్కుకీ తిరిగి ఉంటాయి, ఒకదాని ప్రభావాన్ని ఇంకోటి కొట్టేస్తుంది. బరువు కింద నలిగే గ్రానైటే కరెంటిస్తే, బండ మీద బండ పేర్చినట్టుండే హైదరాబాద్‌కి కోతలెందుకు?

ఇప్పుడు ఆ రష్యా పరిశోధన. అది ఉంది. సెయింట్ పీటర్స్‌బర్గ్‌లోని ఐటీఎంఓ విశ్వవిద్యాలయం వాళ్లు జర్మనీ శాస్త్రవేత్తలతో కలిసి చేశారు, 2018లో జర్నల్ ఆఫ్ అప్లైడ్ ఫిజిక్స్‌లో వచ్చింది. 200 నుంచి 600 మీటర్ల పొడవున్న రేడియో తరంగాలు బయటి నుంచి తగిలితే పిరమిడ్ లోపలి గదుల్లోనూ, అడుగునా ఎలా పోగవుతాయో లెక్క వేశారు. అవి దాదాపుగా మన పాత మీడియం వేవ్ రేడియో తరంగాలే. ఆకాశవాణి హైదరాబాద్ 738 కిలోహెర్ట్జ్ అంటే దాదాపు 406 మీటర్లు. ఆ లెక్కలో పిరమిడ్ శక్తిని పుట్టించదు. అట్లతద్ది ఉయ్యాల చూడండి, సరిగ్గా అదను చూసి తోస్తే ఆకాశానికి లేస్తుంది. తోసే చెయ్యి లేకపోతే ఆగిపోతుంది. అనునాదమంటే అదే. ఆ లెక్క రాతి కట్టడానిది, మీ టీపాయ్ మీది రాగి ఊచలది కాదు.

ఇక ఆ మెసేజ్‌లో చివరి రెండు లైన్లు. నా కోపమంతా వాటి మీదే.

నిరుడు మే నెలలో మా పిన్నిని ఆసుపత్రిలో చేర్చాం. షుగర్ 412. "డోసు ఒక్క పూట కూడా తప్పలేదురా" అని ఒకటే మాట. నిజమే, తప్పలేదు. ఇంటికెళ్లి చూస్తే ఫ్రిజ్ తలుపులో ఇన్సులిన్ లేదు. దేవుడి గూటి పక్కన, అడుగున్నర రాగి పిరమిడ్ కింద మూడు సీసాలు వరసగా నిలబెట్టి ఉన్నాయి. విజయవాడ ఎండలో, ఫ్యాన్ కూడా లేని మూల. ఒకటి తీసి అరచేతుల మధ్య దొర్లించాను. అడుగున తెల్లటి గడ్డలు, ఎంత దొర్లించినా కలవలేదు. ఆవిడ మూడు వారాలుగా రోజుకు రెండుసార్లు పొట్టలో సూది గుచ్చుకుని ఎక్కించుకున్నది ఆ మందు.

ఇన్సులిన్ ఒక ప్రోటీన్. వేడికి పాడవుతుంది. తెరవని సీసా 2 నుంచి 8 డిగ్రీల మధ్య ఉండాలి, గడ్డకట్టే అరలో పెట్టకూడదు. వాడుతున్న సీసా బయట ఉంచినా, చాలా రకాలకు గడువు నాలుగు వారాలే, అదీ గది చల్లగా ఉంటేనే. ఫ్రిజ్ లేని ఇళ్లలో మట్టికుండ, తడి ఇసుక వాడతారు, దానికో అర్థముంది. రాగి ఊచలు ఏ వేడిని ఆపుతాయి? ఆ లైను రాసినవాడు ఒక్క షుగర్ రోగితోనైనా మాట్లాడాడా? పంపినవాళ్లు ఒక్క క్షణం ఆలోచించారా?

ఒకటి ఒప్పుకుంటాను. ఆసుపత్రి నుంచి వచ్చాక పిన్ని వెంట పిరమిడ్ ఆకారంలో కట్టిన ధ్యానమందిరానికి వెళ్లాను, తప్పు పట్టాలనే వెళ్లాను. ఆ పిరమిడ్ హాల్లో ఇరవై నిమిషాలు కూర్చున్నాను. ఎవరో గొంతు సవరించుకుంటే ఆ చప్పుడు నా ఛాతీలో మోగింది. బయటికొచ్చేసరికి మనసు నిజంగానే తేలికపడింది. పిన్ని ఇప్పటికీ ఆదివారాలు వెళ్తుంది, నేనే దింపి వస్తాను. ఇన్సులిన్ వేసుకుని వెళ్తుంది.

మామయ్యా, మీరు దీన్ని ఎవరెవరికి పంపారో వాళ్లందరికీ మళ్లీ పంపండి, ఆ చివరి రెండు లైన్లు తప్పని రాసి. మిగతావాళ్లు, మీ ఇంట్లో ఇన్సులిన్ వాడేవాళ్లుంటే, సీసా ఎక్కడుందో ఈ పూటే లేచి చూడండి.