పేపర్ ఎవరిది అని అడగండి, ఎవరు పెట్టారని కాదు

మొన్న ఒక మిత్రుడితో పెద్ద వాదన అయింది. "టైమ్స్ ఆఫ్ ఇండియా తెల్లవాళ్లు పెట్టిన పేపర్, దాని పుట్టుకే అంత" అన్నాడు. ఆ మాట దగ్గరే మా ఇద్దరికీ చెడింది. పుట్టుక గురించి ఎత్తితే పూర్తిగా మాట్లాడాలి కదా.

1838 నవంబర్ 3న బొంబాయిలో 'బాంబే టైమ్స్ అండ్ జర్నల్ ఆఫ్ కామర్స్' పేరుతో అది మొదలైంది. బుధ, శనివారాల్లో వచ్చే వ్యాపారుల పేపర్. 1850లో దినపత్రిక అయింది. అసలు కథ 1857 దగ్గర ఉంది.

అప్పటి ఎడిటర్ జార్జ్ బ్యూస్ట్, స్కాట్లండ్ వాడు. సిపాయిల తిరుగుబాటు వచ్చాక భారతీయుల మీద పగ తీర్చుకోవాలన్నట్టు రాయడం మొదలుపెట్టాడు. పేపర్ నడిపే కంపెనీలో వాటాలున్న పార్సీలు ఆ ధోరణి మార్చుకోమన్నారు. మార్చుకోనన్నాడు. వాటాదారుల మీటింగ్ పెట్టి అతన్ని తీసేశారు, రాబర్ట్ నైట్‌ను ఎడిటర్‌గా పెట్టారు.

ఆ రోజులు ఎలాంటివో ఒకసారి గుర్తు తెచ్చుకోండి. ఉత్తరాదిలో ఊళ్లు తగలబడుతున్నాయి, మనుషుల్ని చెట్లకు ఉరితీస్తున్నారు. అలాంటప్పుడు బొంబాయిలో మనవాళ్లు ఒక తెల్ల ఎడిటర్‌ని కుర్చీ దించేశారు. ఎలా దించగలిగారు? వాళ్ల చేతిలో వాటాలున్నాయి, అంతే. ఎన్నిసార్లు చదివినా ఆ ఘట్టం దగ్గర ఒళ్లు జలదరిస్తుంది నాకు.

కానీ 1860లో నైట్ ఆ భారతీయుల వాటాలన్నీ తనే కొనేశాడు. ప్రత్యర్థి పత్రిక 'బాంబే స్టాండర్డ్'ను కలుపుకున్నాడు. 1861లో పేరు 'టైమ్స్ ఆఫ్ ఇండియా' అయింది. నైట్ మంచి ఎడిటర్, సర్కారును గట్టిగా నిలదీసేవాడు, అది ఒప్పుకుంటాను. అయినా మళ్లీ ఎడిటర్ గీత దాటితే అడగడానికి ఆ పార్సీలకు ఇక హక్కేముంది? నాకు బాధ కలిగించేది అదే.

తర్వాత కంపెనీ బెన్నెట్, కోల్‌మన్ చేతికి వచ్చింది. కోల్‌మన్ 1915 డిసెంబర్‌లో ఎస్.ఎస్. పర్షియా ఓడ మునిగినప్పుడు చనిపోయాడు. జర్మన్ జలాంతర్గామి ఆ ఓడను టార్పెడోతో ముంచింది. 1946లో, స్వాతంత్ర్యానికి ఏడాది ముందు, రామకృష్ణ దాల్మియా కంపెనీని కొన్నాడు. ఆయన వ్యాపారాల్లో ఇన్సూరెన్స్ డబ్బు ఎలా వాడారో 1955లో ఫిరోజ్ గాంధీ పార్లమెంటులో బయటపెట్టాడు. దాల్మియా జైలుకు వెళ్లాడు, పేపర్ అల్లుడు శాంతిప్రసాద్ జైన్ కుటుంబానికి వెళ్లింది. కంపెనీ పేరు మాత్రం నేటికీ బెన్నెట్, కోల్‌మనే. తెల్లవాళ్లు వెళ్లిపోయారు, బాగుంది. కానీ ఎడిటర్‌ను ప్రశ్నించే హక్కు చదివేవాళ్లకు వచ్చిందా?

మన తెలుగు పత్రికల్ని కూడా ఈ ప్రశ్నతోనే చూడాలి. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు గారు ఆంధ్రపత్రికను 1908లో మొదలుపెట్టింది అదే బొంబాయిలో. డబ్బు ఎక్కడిదంటే, ఆయనే తయారుచేసి అమ్మిన అమృతాంజనం సీసాలది. ఎవరికీ తలవంచాల్సిన పని లేని సొమ్ము అది. 1914లో మద్రాసు వెళ్లి దినపత్రిక అయింది. ఆ పత్రిక ధైర్యం గురించి చెప్పేవాళ్లు ఆ సీసాల గురించి కూడా చెప్పాలి.

చివరగా ఒక మాట, నా మిత్రుడి కోసం. నైట్ తర్వాత కలకత్తా వెళ్లి 1875లో 'స్టేట్స్‌మన్' పెట్టాడు. 1943 నాటికీ అది తెల్లవాళ్ల పేపరే, ఎడిటర్ ఇయాన్ స్టీఫెన్స్ కూడా ఇంగ్లిష్‌వాడే. బెంగాల్‌లో జనం ఆకలితో వీధుల్లో పడి చస్తుంటే యుద్ధకాలపు సెన్సార్ నోళ్లు నొక్కేసింది. ఆగస్టు 22న స్టీఫెన్స్ ఫొటోలు వేశాడు. కలకత్తా పేవ్‌మెంట్ల మీద పడివున్న ఆడవాళ్లు, పిల్లలు. వారం తర్వాత మళ్లీ వేశాడు. దేశం, లండన్ అప్పుడు చూశాయి. ఆ ఫొటోలు ఒకసారి వెతికి చూడరా, తర్వాత పుట్టుక గురించి మాట్లాడుకుందాం.