మహారాజశ్రీ పనామా కెనాల్ జోన్ గారి సముఖానికి

అయ్యా,

హైదరాబాదు నుంచి ఒక సామాన్య పాఠకుడు నమస్కరించి వ్రాసుకొను విన్నపము. ఇక్కడ మేము క్షేమం. తమరి క్షేమసమాచారాలు అడగడం భావ్యం కాదు, ఎందుకంటే పనామా కాలువకు ఇరువైపులా అమెరికా ఏలిన నేలపట్టీ అయిన తమరు 1979 అక్టోబరు 1న కాలం చేశారని రికార్డులు చెబుతున్నాయి. అయితే 2025 జనవరి 20న అమెరికా అధ్యక్షుడు పదవీ స్వీకార ప్రసంగంలోనే కాలువను వెనక్కి తీసుకుంటామని ప్రకటించడం విన్నాక, తమరి జాతకంలో పునర్జన్మ యోగం ఏమైనా ఉందేమోనన్న అనుమానం పుట్టి, ముందుగానే నాలుగు మాటలు మనవి చేసుకుందామని ఈ ఉత్తరం రాస్తున్నాను.

కవరు మీద చిరునామా రాయడానికే నాకు రెండు రోజులు పట్టింది. పనామా అని రాద్దామంటే, తమరు అమెరికాకు చెందిన భూభాగమేననీ, ఆ హక్కును శంకించడం వట్టి చాదస్తమనీ 1907లో అమెరికా సుప్రీంకోర్టు తేల్చింది. సరే, అమెరికా అని రాద్దామంటే, టపా మోసిన ఓడల కిరాయి తగాదాలో అదే కోర్టు 1930లో తమరి రేవులు విదేశీ రేవులేనని సెలవిచ్చింది. ఆస్తి అనుభవించేటప్పుడు స్వదేశం, డబ్బు లెక్క వచ్చినప్పుడు విదేశం. ఇంత సౌకర్యమైన భూగోళ శాస్త్రం నేను మరెక్కడా చదవలేదు.

తమరి జన్మవృత్తాంతం కూడా అలాంటిదే. 1903 నవంబరు 3న పనామా కొలంబియా నుంచి విడిపోయింది. పదిహేను రోజులకే, నవంబరు 18న, వాషింగ్టన్‌లో తమరి జన్మపత్రిక మీద సంతకాలు పడ్డాయి. పనామా తరఫున సంతకం చేసిన ఫిలిప్ బ్యునో వారియా గారు ఫ్రెంచివారు. ఏళ్ల తరబడి ఆ గడ్డ మీద కాలు పెట్టనివారు. అసలు పనామా ప్రతినిధులు రైలు దిగి వాషింగ్టన్ స్టేషన్లో అడుగు పెట్టేసరికి తాంబూలాలు పుచ్చుకోవడం అయిపోయింది, ఇక తన్నుకు చావడమే మిగిలింది. కాలువకు అటు ఐదు మైళ్లు, ఇటు ఐదు మైళ్లు శాశ్వతంగా రాసిచ్చినందుకు ఒకసారి కోటి డాలర్లు, తొమ్మిదేళ్ల తరువాత నుంచి ఏటా 2.5 లక్షల డాలర్లు. ఒప్పందంలోని మూడో అధికరణం మాత్రం నన్ను ముగ్ధుణ్ణి చేసింది. అమెరికా ఆ నేలకు సార్వభౌమురాలు అని అందులో లేదు. సార్వభౌమురాలే అయి ఉంటే ఏయే అధికారాలు ఉండేవో అవన్నీ ఉంటాయని ఉంది. అత్తకు మీసాలు మొలిస్తే మామ అవుతుందని మావాళ్లు పరాచికానికి అంటారు. తమరు ఆ మాటను అంతర్జాతీయ న్యాయశాస్త్రంగా మార్చి, దాని మీద 75 ఏళ్లు కాపురం చేశారు.

తమరి ఒప్పందం చదువుతుంటే నాకు కొత్తగా ఏమీ అనిపించకపోవడానికి కారణం ఉంది. తమరు పుట్టడానికి సరిగ్గా ఏడాది ముందు, 1902 నవంబరులో, లార్డ్ కర్జన్ మా నిజాం మహబూబ్ అలీ ఖాన్ గారి చేత బేరారు రాష్ట్రాన్ని ఏడాదికి 25 లక్షల రూపాయల కౌలుకు, అదీ శాశ్వతంగా, రాయించుకున్నాడు. ఆ తరువాత నిజాం గారికి దక్కిన జి.సి.బి. బిరుదుకు ‘గేవ్ కర్జన్ బేరార్’ అని జనం అర్థం చెప్పుకున్నారు. 1936లో బేరారు నామమాత్రంగా నిజాందేనని ఒప్పుకుని, ఆయన పెద్దకొడుక్కి బేరారు యువరాజు అనే పేరు తగిలించారు, పాలన మాత్రం ఇంగ్లీషువాళ్ల దగ్గరే ఉంది. తమరి దగ్గర కూడా పనామాకు ‘నామమాత్రపు సార్వభౌమత్వం’ ఉందని తమరి పెద్దలు తరచు సెలవిచ్చేవారు. శాశ్వతం అనే మాటను కౌలుపత్రంలో రాసేవాళ్లందరూ ఒకే గురువు దగ్గర చదువుకున్నట్టున్నారు.

ఇక తమరి పరిపాలన గురించి. తమరి గవర్నరు ప్రజలు ఎన్నుకున్నవారు కారు, ఎన్నికలన్న అలవాటే తమరి దగ్గర లేదు. అమెరికా సైన్యపు ఇంజనీర్ల దళం నుంచి ఒక అధికారిని వాషింగ్టన్ పంపేది. 1951 తరువాత ఆయనే కెనాల్ జోన్ ప్రభుత్వానికి గవర్నరు, పనామా కెనాల్ కంపెనీకి అధ్యక్షుడు కూడా. ఆ కంపెనీకి వాటాదారు సైన్యశాఖ కార్యదర్శి ఒక్కరే. గవర్నరు గారు పొద్దున కంపెనీ అధ్యక్షుడి హోదాలో అర్జీ రాసుకుని, మధ్యాహ్నం గవర్నరు హోదాలో దానిని మంజూరు చేసుకునే వీలు ఉండేదన్నమాట. మా దగ్గర ఒక ఫైలు మంజూరు కావాలంటే ఎన్ని బల్లలు దాటాలో తెలిసిన నాకు ఇది చూస్తే అసూయ కలిగింది.

అంతకన్నా విచిత్రం మరొకటి. భూమి మొత్తం ప్రభుత్వానిదే, ఎవరూ సొంత ఇల్లు కొనుక్కోవడానికి వీల్లేదు. ఉద్యోగి హోదాను బట్టి ఇల్లు, పచారీ సామాను నుంచి బట్టల దాకా కమిసరీ అనే ప్రభుత్వ దుకాణంలోనే, వైద్యం, బడి, సినిమా హాలు, చివరికి ఇంటి ముందు గడ్డి కోయడం కూడా ప్రభుత్వం పనే. ఉద్యోగం విరమించిన రోజున ఇల్లు ఖాళీ చేసి ఊరు విడిచి వెళ్లాలి. ప్రపంచంలో ఎక్కడ ఎర్రజెండా కనిపించినా ఉలిక్కిపడిన అమెరికా, తన చేతులతో కట్టి, తన సైనికాధికారుల చేత నడిపించిన ఊళ్లలో ప్రైవేటు ఆస్తిని ఇంత శ్రద్ధగా రద్దు చేసిందన్న సంగతి కార్ల్ మార్క్స్‌కు ఎవరైనా చెప్పి ఉంటే ఆయన ఒక అదనపు అధ్యాయం రాసి ఉండేవాడు. కమిసరీలో సుంకం లేని సరుకు చౌకగా దొరుకుతుంటే, వీధికి అవతల పనామా నగరపు దుకాణదారు ఈగలు తోలుకుంటూ కూర్చున్నాడు. అతని ఫిర్యాదులు దశాబ్దాల పాటు అర్జీలుగా, రాయబారాలుగా వాషింగ్టన్ వెళ్లి వచ్చాయి.

అయితే ఈ సమానత్వానికి ఒక చిన్న మినహాయింపు ఉండేది. కాలువ తవ్వే రోజుల నుంచే తమరు మనుషులను లోహాలను బట్టి విడదీశారు. అమెరికన్ తెల్లవారు ‘బంగారం’ జాబితాలో, బార్బడోస్, జమైకా వంటి దీవుల నుంచి వచ్చిన నల్లవారు ‘వెండి’ జాబితాలో. మొదట అది ఏ నాణెంలో జీతం ఇవ్వాలన్న లెక్క. తరువాత అది ఏ కిటికీ దగ్గర ఉత్తరాలు తీసుకోవాలి, ఏ కుళాయి దగ్గర నీళ్లు తాగాలి, ఏ ఊళ్లో కాపురం ఉండాలి అన్న లెక్క అయింది. అమెరికన్ల నిర్మాణ కాలంలో చనిపోయిన 5,609 మందిలో అత్యధికులు ఈ వెండి జాబితా వారే. 1954లో అమెరికా సుప్రీంకోర్టు నల్లపిల్లలకు వేరు బడులు చెల్లవని తీర్పు చెప్పినప్పుడు తమరు చూపిన సమయస్ఫూర్తికి మాత్రం చేతులెత్తి దండం పెట్టాలి. ఆ బడులను ‘లాటిన్ అమెరికన్ బడులు’ అని పిలిచి, ఇంగ్లీషు మాట్లాడే ఆ పిల్లలకు రాత్రికి రాత్రి స్పానిష్‌లో పాఠాలు మొదలుపెట్టారు. అప్పుడవి రంగు బడులు కావు, భాష బడులు. కోర్టు తీర్పు అక్షరాలా అమలైంది!

ఇవన్నీ ఎందుకని అడిగినవారికి తమరు ఎప్పుడూ ఒకటే జవాబు చెప్పారు, కాలువ రక్షణ కోసమని. రక్షణకు తమరు ఏ లోటూ చేయలేదని నేను సాక్ష్యం చెప్పగలను. అట్లాంటిక్ ముఖద్వారంలో షెర్మన్, రాండాల్ఫ్, డి లెసెప్స్ కోటలు, పసిఫిక్ ముఖద్వారంలో అమడార్, గ్రాంట్, కోబీ కోటలు. కులేబ్రా కొండను తొలిచిన రాళ్లతోనే సముద్రంలోకి కట్ట కట్టి దీవులను కలిపి, వాటి మీద ఫిరంగులు దింపారు. 16 అంగుళాల గొట్టం ఉన్న ఫిరంగులు, ఒక సముద్రం నుంచి మరో సముద్రానికి రైలు పట్టాల మీద తరలించగల 14 అంగుళాల ఫిరంగులు. వాటిలో ఒక్కటైనా శత్రువు మీద ఒక్కసారైనా పేలలేదు. రెండో ప్రపంచ యుద్ధం మొదలవగానే, 1939 సెప్టెంబరులో, గవర్నరు కూడా అక్కడి సైన్యాధిపతి కిందికి వెళ్లారు. 60,000 మందికి పైగా సైనికులు వచ్చారు, ఆకాశంలో బెలూన్లు, నీటి కింద జలాంతర్గాములను ఆపే వలలు వచ్చాయి. జపాను వాళ్లు విమానాలు మోసే మహా జలాంతర్గాములతో కాలువలో ఓడలను ఎత్తి దించే గటూన్ లాకుల మీద దాడి చేయాలని పథకం వేసుకున్న మాట నిజమే. కానీ ఆ పథకాన్ని 1945లో వాళ్లే మానుకున్నారు. యుద్ధం ముగిసిన కొద్ది కాలానికే, ఒక్క అణుబాంబు ముందు ఈ ఫిరంగులు ఎందుకూ కొరగావని తేలి, వాటిని తుక్కు కింద కోసేశారు.

యుద్ధం పేరు చెప్పి తమరు సరిహద్దు దాటి పనామా నేల మీద 134 చోట్ల స్థావరాలు తీసుకున్నారు. యుద్ధం అయిపోయాక కూడా వాటిలో కొన్నింటిని అట్టిపెట్టుకోవాలని చూస్తే, 1947 డిసెంబరులో విద్యార్థులు వీధుల్లోకి రావడంతో పనామా శాసనసభ ఆ ఒప్పందాన్ని ఏకగ్రీవంగా తిప్పికొట్టింది.

నిజంగా కాలువను మూయించిన శత్రువులెవరా అని నేను వెతికాను. మొదటిది కులేబ్రా బురద. 1915 సెప్టెంబరులో కొండచరియలు జారి ఏడు నెలల పాటు ఓడలు నిలిచిపోయాయి. మరొకటి, తమరు గతించిన పదేళ్లకు, 1989 డిసెంబరు 20న పనామా సైనిక పాలకుడు నొరియేగాను పట్టుకోవడానికి దిగిన అమెరికా సైన్యం. ఆ దాడి వల్ల కాలువ ఒక రోజు మూతపడింది. పట్టుబడిన నొరియేగా గారు తమరి ఒడిలోనే ఉన్న అమెరికా సైనిక బడి ‘స్కూల్ ఆఫ్ ద అమెరికాస్’లో చదువుకున్న విద్యార్థి అన్నది వేరే ముచ్చట. ఆ బడి తరువాత హోటలుగా మారింది.

జనవరి 1964 సంగతి ఎత్తకుండా ఉత్తరం ముగిస్తే తమరు నన్ను పక్షపాతి అంటారు. ఏ బడి ముందు ఏ జెండా ఎగరాలన్న ప్రశ్న కొరకరాని కొయ్యగా మారి, అసలు బడుల ముందు జెండాలే వద్దని గవర్నరు ఫ్లెమింగ్ గారు ఉత్తర్వు వేశారు. తమరి బాల్బోవా హైస్కూలు పిల్లలు దాన్ని లెక్కచేయక అమెరికా జెండా ఎగరేశారు. 9వ తేదీన పనామా నగరపు ఇన్‌స్టిట్యూటో నసియోనాల్ బడి విద్యార్థులు సుమారు 200 మంది తమ బడికి చెందిన పనామా జెండా పట్టుకుని, 1947 ఊరేగింపుల్లో మోసిన అదే జెండాను, తమరి వీధుల్లోకి నడిచి వచ్చారు. తోపులాటలో అది చిరిగింది. గవర్నరు గారు అప్పటికే అమెరికాకు ప్రయాణమై ఉన్నారు. సాయంత్రానికి అధికారం అమెరికా సైన్యపు సదరన్ కమాండ్ జనరల్ చేతికి వెళ్లింది. శత్రు నౌకాదళాల కోసం యాభై ఏళ్లు సిద్ధం చేసుకున్న రక్షణ వ్యవస్థ చివరికి, వీధికి అవతల నుంచి నడిచి వచ్చిన బడిపిల్లల మీద పని చేసింది. 20 మందికి పైగా పనామా పౌరులు, నలుగురు అమెరికన్ సైనికులు పోయారు. ఇక్కడ నాకు వెటకారం రావడం లేదు, క్షమించాలి. ఆ రోజు చనిపోయిన విద్యార్థి అస్కానియో అరోసెమెనా పేరు ఇప్పుడు అదే బాల్బోవా హైస్కూలు భవనానికి ఉంది. సరిహద్దు వెంట సాగే జూలై 4 వీధిని అమరుల వీధి అంటున్నారు.

అంతకు రెండేళ్ల ముందు తమరి తపాలా శాఖ ఒక చిత్రం చేసింది. కాలువ పసిఫిక్ ముఖం మీద కట్టిన వంతెనకు పనామావాళ్లు ‘అమెరికాల వంతెన’ అని పేరు పెట్టుకుంటే, తమరు దాన్ని పాత బల్లకట్టు పేరుతో ‘థాచర్ ఫెర్రీ వంతెన’ అన్నారు. ప్రారంభోత్సవానికి 1962లో వేసిన స్టాంపుల్లో కొన్నింటి మీద వెండి రంగు పడలేదు. దాంతో రేవు ఉంది, నీళ్లు ఉన్నాయి, వంతెన పేరు ఉంది, వంతెన మాత్రం లేదు. తమరు చేసుకున్న ఆత్మచిత్రాల్లో నాకు నచ్చినది అదొక్కటే.

1977 సెప్టెంబరు 7న కాలువను పనామాకు అప్పగించే ఒప్పందాల మీద అమెరికా అధ్యక్షుడు కార్టర్, పనామా అధినేత టొర్రిహోస్ సంతకాలు చేసినప్పుడు, దాన్ని మేం నిజాయితీగా దొంగిలించాం అని సెనేటర్ హయకావా గారి చమత్కారం తమరి అభిమానుల్లో బాగా చలామణీలో ఉంది. అమెరికా సెనేటులో ఆ ఒప్పందాలు 68-32 ఓట్లతో గట్టెక్కాయి. 1999 డిసెంబరు 31 మధ్యాహ్నం పనామా తాళాలు తీసుకున్నాక కాలువ మునిగిపోతుందని, ఓడలు దిక్కు తోచక తిరుగుతాయని జోస్యం చెప్పినవారు చాలామంది ఉన్నారు. పనామా ప్రజలు 2006లో ఓటు వేసి, తమరు 1939లో తలపెట్టి 1942లో వదిలేసిన మూడో లాకుల గుంటల్లో కొంత భాగాన్ని వాడుకుని, 2016 జూన్‌లో పెద్ద ఓడలకు కొత్త దారి తెరిచారు. 2023లో వాన సరిగా పడక గటూన్ సరస్సు తగ్గి, రోజుకు వెళ్లే ఓడల సంఖ్యను కుదించవలసి వచ్చింది. మబ్బుల మీద గురి పెట్టడానికి 16 అంగుళాల ఫిరంగి పనికొస్తుందేమో తమరే చెప్పాలి.

చివరగా అసలు విన్నపం. వెళ్లేటప్పుడు తమరు కొంత సామాను మరిచిపోయారు. ఎంపైర్, బాల్బోవా వెస్ట్, పీన్యా మైదానాల్లో సైనికులు గురి నేర్చుకునేందుకు పేల్చగా పేలకుండా మిగిలిన గుండ్లు ఇంకా అడవి మట్టిలో ఉన్నాయి. చుట్టూ ప్రమాద హెచ్చరికలు పాతి ఉన్నాయి. సాన్ హోసే దీవిలో మిగిలిన రసాయన బాంబులను 2017లో అమెరికావాళ్లు వచ్చి నాశనం చేసి వెళ్లారు గాని, మైదానాల సంగతి అడిగితే ఒప్పందంలోని ఒక మాట చూపిస్తారు: మనుషుల ప్రాణానికి, ఆరోగ్యానికి హాని చేసేవాటిని ‘సాధ్యమైనంత మేరకు’ తొలగించాలట. పునర్జన్మ ఎత్తే ఉద్దేశం ఉంటే, కొత్త సామాను దింపే ముందు ఈ పాత సామాను తీసుకువెళ్లే ఏర్పాటు చేయగలరు.

చిత్తగించవలెను, సాధ్యమైనంత మేరకు.

ఇట్లు,
తమరి కౌలుపత్రం చదివిన ఒక హైదరాబాదీ