‘మాకు కులం తెలీకుండా పెరిగాం’ అనే ఆ ఫార్వర్డ్ గురించి

మా ఫ్యామిలీ గ్రూప్‌లో ఒక ఫార్వర్డ్ ఈ నెలలోనే మూడోసారి వచ్చింది. మీకూ వచ్చే ఉంటుంది, పైన జెండా, కింద దండం పెట్టే బొమ్మలు. అందులో ఉన్నది టూకీగా ఇది: మా చిన్నప్పుడు ఎవరి కులమేంటో ఎవరికీ తెలీదు, అందరం కలిసి ఆడుకున్నాం, స్కూల్లో రిజర్వేషన్ ఫారం నింపమన్న రోజే కులం అనేది ఒకటుందని తెలిసింది. ఇప్పుడు పేరు చివర కులం తగిలించుకుని తిరిగేది ఆ రిజర్వేషన్ల వాళ్లే. సిటీల్లో, అమెరికాలో కులం ఎవడడుగుతున్నాడు, టాలెంట్ ఉంటే చాలు. పెళ్లంటారా, అది అలవాట్లు కలవడం కోసం. రిజర్వేషన్లు తీసేస్తే తెల్లారేసరికి కులం పోతుంది, కులగణన అంటూ మనల్ని విడగొడుతున్నారు. పది మందికి పంపండి.

మొదటి రెండుసార్లు ఊరుకున్నా. ఈసారి పంపింది మా బాబాయి, కింద ఇరవై మంది చప్పట్లు. గ్రూప్‌లో జవాబు పెడితే మా అమ్మ ఫోన్ చేసి తిడుతుంది కాబట్టి ఇక్కడ రాసుకుంటున్నా.

ముందు ఆ ‘ఎవరికీ తెలీదు’ సంగతి. నిజమే, నాకూ తెలీదు. మాది ప్రకాశం జిల్లాలో పల్లెటూరు, పొలాలున్న ఇల్లు. నాకు ఏడేళ్లున్నప్పుడు మా పాలేరుకి యాభై దాటాయి. ఆయన నన్ను ‘చినబాబుగారూ’ అనేవారు, నేను ఆయన్ని పేరు చివర ‘గాడు’ తగిలించి ‘ఏరా’ అనేవాణ్ణి. (ఇప్పుడు ఈ వాక్యం టైప్ చేస్తూ కూడా ముందు ‘అనేవాడు’ అనే కొట్టాను, తర్వాత దిద్దుకున్నా. నలభై ఏళ్లొచ్చాయి నాకు.) తెలుగులో ఎవరితో నోరు విప్పాలన్నా నువ్వా, మీరా, వాడా, ఆయనా అని ముందు తేల్చుకోవాలి కదా, నేను అది తేల్చుకోవడం నేర్చుకున్నది ఏ ఫారం చూసీ కాదు, మా నడవలో కూర్చుని నాన్నమ్మ మాట్లాడే తీరు వింటూ నేర్చుకున్నా. ఆయన సత్తు గిన్నె గొడ్లచావిట్లో ఒక గూట్లో ఉండేది, అన్నం పైనుంచి అందులో పడేది, తిని కడుక్కుని మళ్లీ ఆ గూట్లోనే బోర్లించి వెళ్లేవారు, అది నాకు ఎప్పుడూ వింతగా అనిపించలేదు. అంటే నాకు కులం పేరు తెలీదు గానీ కులం ఎలా నడపాలో మాత్రం శుభ్రంగా తెలుసు.

ఆయన కొడుకు నా ఈడువాడే. కలిసి ఆడుకున్నాం, అది కూడా అబద్ధం కాదు, కానీ చెరువు గట్టున ఆడుకున్నాం, మా ఇంటి వసారాలో కాదు. వాడు మా గేటు దాకా వచ్చి అక్కడే నిలబడి కేకేసేవాడు, లోపలికి రావద్దని నేనెప్పుడూ చెప్పలేదు, వాడికి ఎవరో అప్పటికే చెప్పేశారు. ఫార్వర్డ్ రాసినాయన ఆ ‘అందరం’లో వాణ్ణి కూడా కలిపి లెక్కేశాడు, వాణ్ణి ఒక్కమాట అడక్కుండానే.

పోనీ ఇది మా ఒక్క ఇంటి కథ అనుకుందాం. కారంచేడు మా జిల్లాలోనే ఉండేది, ఇప్పుడు బాపట్ల జిల్లాలోకి వెళ్లింది. 1985 జూలైలో మాదిగపల్లె వాళ్లు తాగే నీళ్ల చెరువు దగ్గర పెద్ద కులం కుర్రాళ్లు గేదెలకి కుడితి పెట్టిన బక్కెట్ కడుగుతుంటే ఇవి మేం తాగే నీళ్లని అడ్డుచెప్పారు, గొడవలో మున్నంగి సువార్త అనే ఆవిడ చేతిలో బిందె ఎత్తింది. అంతే. 17వ తేదీ పొద్దున ఊరు పల్లె మీద పడింది, ఆరుగురిని చంపారు. ఆరేళ్లకి, 1991 ఆగస్టు 6న గుంటూరు జిల్లా చుండూరులో ఎనిమిది మంది దళితుల్ని చంపారు, అక్కడ ముదిరింది సినిమా హాల్లో కాలు తగిలిందన్న గొడవ. ఆ చుండూరు కేసులో 2007లో స్పెషల్ కోర్టు శిక్షలు వేస్తే 2014లో హైకోర్టు అందర్నీ వదిలేసింది. బక్కెట్టు, బిందె, సినిమా హాల్లో కాలు... ఇందులో రిజర్వేషన్ ఫారం ఎక్కడుందో బాబాయే చూపించాలి.

కారంచేడు నుంచి పారిపోయిన వాళ్లు ఊరికి తిరిగి వెళ్లం అని చీరాలలో శిబిరం వేసుకుని కూర్చున్నారు, ఆ ఏడాదే కత్తి పద్మారావు, బొజ్జా తారకం లాంటి వాళ్లతో దళిత మహాసభ పుట్టింది. అంతదాకా పేపర్లలో, ఆఫీసుల్లో ‘హరిజనులు’ అని రాసేవాళ్లు, తర్వాత ‘దళిత’ అన్న మాట తెలుగునాట ఊరూరికీ పాకింది. ఒకళ్లు పెట్టిన పేరు వదిలేసి తమ పేరు తాము పెట్టుకోవడం అన్నమాట, ఫార్వర్డ్‌లో రెండో ముక్కకి జవాబు ఇక్కడే మొదలవుతుంది.

‘పేరు చివర కులం తగిలించుకునేది వాళ్లే’ అట. రెడ్డి, చౌదరి, శర్మ, రాజు, నాయుడు ఉంటే అది పేరు, మాదిగ అని ఉంటే అది కులపిచ్చి. 1994లో ప్రకాశం జిల్లా ఈదుమూడిలో, ఎస్సీ కోటాలో మాదిగల వాటా కోసం దండోరా ఉద్యమం మొదలైనప్పుడు మంద కృష్ణ, ఆయనతో ఉన్నవాళ్లు పేరు చివర మాదిగ అని పెట్టుకున్నారు. మా ఇంట్లో ఆ మాట ఎలా వాడేవాళ్లో నేను ఇక్కడ రాయలేను, మురికి పట్టినా, అల్లరి చేసినా అదే తిట్టు. ఊరంతా తిట్టుగా వాడే మాటని ఒక మనిషి స్టేజి ఎక్కి ఇదే నా పేరు అంటే, ఆ తిట్టుకి పదును ఎక్కడుంటుంది ఇంక. ఇది కొత్త పనేం కాదు కూడా, 1917లో బెజవాడలో భాగ్యరెడ్డి వర్మ అధ్యక్షుడిగా పంచమ (అంటరానివాళ్లకి అప్పట్లో పెట్టిన పేరు) మహాసభ పెట్టుకుని అక్కడికక్కడే మేం పంచములం కాదు ఆది ఆంధ్రులం అని సభ పేరే మార్చేశారు. అప్పటికి రాజ్యాంగం రావడానికే ఇంకా 33 ఏళ్లుంది.

దండోరా వల్ల మాల మాదిగల మధ్య గొడవలొచ్చాయి కదా అంటారు, వచ్చాయి, కాదనను. కానీ అడిగింది వాటాలో అసమానత గురించి, అది లేకుండా ఆ ఉద్యమం ముప్పై ఏళ్లు నడవదు. ఎస్సీ కోటాని కులాల గ్రూపుల వారీగా పంచడాన్నే వర్గీకరణ అంటారు, 2004లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది, 2024 ఆగస్టు 1న ఏడుగురు జడ్జిల బెంచ్ చేసుకోవచ్చంది, 2025 ఏప్రిల్ 14 నుంచి తెలంగాణలో ఎస్సీల 59 కులాల్ని మూడు గ్రూపులు చేసి 15 శాతాన్ని 1, 9, 5గా పంచారు.

ఇక సిటీలో కులం ఎవడడుగుతున్నాడు అన్నది చదివితే నవ్వొచ్చింది. హైదరాబాద్‌లో అద్దె ఇంటికి తిరిగిన ఎవర్నైనా అడగండి. ‘మీరేమిట్లండి?’, ‘మీరేమోళ్లు?’, కాస్త చదువుకున్న ఓనరైతే ‘మీరు వెజ్జా?’, ఇంకా చదువుకున్నాయనైతే ‘మీ ఇంటిపేరు?’. ఇంటిపేరు చెప్పాక కూడా తేలకపోతే ‘ఏ ఊరు, ఎవరి తాలూకు’. ఉద్యోగాల సంగతికొస్తే సుఖదేవ్ థోరట్, పాల్ అటెవెల్ అని ఇద్దరు పరిశోధకులు, ఒకే రకం చదువు, ఒకే రకం అర్హతలున్న అప్లికేషన్లు ప్రైవేట్ కంపెనీల ప్రకటనలకి పంపారు, మార్చింది పేరొక్కటే. 2007లో ఫలితం అచ్చయింది, దళిత ఇంటిపేరున్న అప్లికేషన్‌కి పిలుపొచ్చే అవకాశం పెద్ద కులం పేరున్నదాని కంటే మూడో వంతు తక్కువ. అమెరికా అంటారా, 2023 ఫిబ్రవరిలో సియాటెల్ సిటీ కౌన్సిల్ కులవివక్షని నిషేధిస్తూ చట్టం చేసింది, అసలు లేనిదాన్ని నిషేధించేంత తీరిక వాళ్లకుందా. అదే ఏడాది కాలిఫోర్నియాలో అలాంటి బిల్లు సభ దాటినా గవర్నర్ వెనక్కి పంపేశాడు, అది కూడా చెప్పాలి. అక్కడి తెలుగు సంఘాలు ఎన్ని, ఎందుకన్ని అనేది ఎంఎస్‌కి వెళ్లిన కుర్రాడికి మొదటి ఉగాదికే అర్థమైపోతుంది.

టాలెంట్ మాట మీద ఇంకొక్కటి, ఎందుకంటే నన్ను ఎక్కువ రోజులు వేధించింది ఇదే. కార్లా హాఫ్, ప్రియాంక పాండే అని ఇద్దరు పరిశోధకులు ఉత్తరప్రదేశ్ పల్లెల్లో ఆరు, ఏడు తరగతుల మగపిల్లల్ని కూర్చోబెట్టి దారి కనుక్కునే చిక్కుబొమ్మలు ఇచ్చారు, ఎన్ని చేస్తే అన్ని డబ్బులు. కులం ఊసెత్తనప్పుడు పెద్ద కులాల పిల్లలు, కింది కులాల పిల్లలు దాదాపు సమానంగా చేశారు. అందరి ముందూ పేరు, తండ్రి పేరు, కులం చదివి మొదలుపెడితే కింది కులం పిల్లల లెక్క బాగా పడిపోయింది. అవే బుర్రలు, అవే బొమ్మలు. గేటు దగ్గర నిలబడి కేకేసేవాడే గుర్తొచ్చాడు నాకు, లెక్కల్లో నాకంటే చురుకు, స్కూల్లో సారు ‘ఎస్సీ పిల్లలు లేచి నిలబడండి, స్కాలర్‌షిప్పు’ అన్నప్పుడల్లా తల దించుకుని లేచేవాడు, టెన్త్ దాటలేదు. మరి ఫారమే కదా కులం గుర్తు చేసింది అంటారేమో, ఫారం గుమాస్తా నింపుకుంటాడు, క్లాసంతా చూస్తుండగా లేపి నిలబెట్టమని ఏ ఫారంలోనూ రాసి లేదు.

పెళ్లి గురించి ఎక్కువ రాయను. 2011–12లో దేశమంతా 42 వేల కుటుంబాలతో చేసిన ఐహెచ్‌డీఎస్ (ఇండియా హ్యూమన్ డెవలప్‌మెంట్ సర్వే) లెక్కల్లో వేరే కులంలో పెళ్లయినవాళ్లు సుమారు 5 శాతం. నూటికి తొంభై అయిదు మంది అలవాట్లు సరిగ్గా కులం గీత దగ్గరే కలుస్తున్నాయి. 2018 సెప్టెంబర్‌లో మిర్యాలగూడలో కులం దాటి పెళ్లి చేసుకున్న దళిత కుర్రాణ్ణి, కడుపుతో ఉన్న భార్య పక్కనుండగానే నరికించారు, అలవాట్లు కలవకపోతే సుపారీ ఇస్తారా ఎవరైనా. ఈ ఫార్వర్డ్ పెట్టిన రోజు సాయంత్రమే బాబాయి అదే గ్రూప్‌లో ఇంకో మెసేజ్ పెట్టాడు: అమ్మాయి డల్లాస్‌లో ఉంది, మనోళ్లలో మంచి సంబంధం ఉంటే చెప్పండి. దానికీ చప్పట్లే.

చివరిది, రిజర్వేషన్లు తీసేస్తే కులం పోతుందని. తీసి చూడక్కర్లేదు, తీసేసిన చోటు ఉంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం క్రైస్తవంలోకి మారిన దళితుడు ఎస్సీ కాదు, మన దగ్గర దక్కేది బీసీ-సిలో 1 శాతం కోటానే. మరి కులం పోయిందా? కోస్తాలో మాల చర్చి, మాదిగ చర్చి వేరువేరుగా ఉన్న ఊళ్లు చూడండి, ‘రెడ్డి క్రిస్టియన్ వధువు కావలెను’ అనే ప్రకటనలు చూడండి. ఎస్సీ హోదా కోసం సర్టిఫికెట్‌లో ఒక పేరు, చర్చిలో ఇంకో పేరుతో బతికేవాళ్లున్నారు, వాళ్లని మోసగాళ్లనడం తేలిక, రెండు పేర్ల మధ్య పిల్లల్ని పెంచడం ఎలా ఉంటుందో ఒక్కసారి ఊహించుకోండి. ఇంకోవైపు, దశాబ్దాలుగా ఏ రిజర్వేషనూ లేని కులాల సంగతి. హైదరాబాద్‌లో రెడ్డి హాస్టల్ 1918లో వచ్చింది, ఎంతోమందిని చదివించింది, తప్పు పట్టట్లేదు, కానీ అప్పటికి ఏ కోటా ఉందని. కార్తీకమాసం వస్తే కులానికో వనభోజనం, మా వాళ్లదీ ఉంది, ఉసిరిచెట్టు కింద బిర్యానీ పొట్లాలు పంచుతారు, నేనూ తిన్నాను. 2019లో అగ్రవర్ణ పేదలకి 10 శాతం ఇచ్చినప్పుడు కులం పెరిగిపోతుందని మా గ్రూప్‌లో ఒక్కళ్లూ ఏడవలేదు.

కులగణన మనల్ని విడగొట్టేదైతే 1931 తర్వాత అందరి కులాలూ లెక్కపెట్టడం ఆపేశారు కదా, ఆ తొంభై ఏళ్లలో కలిసిపోయి ఉండాలి. లెక్క లేని ఆ కాలంలోనే కారంచేడు, చుండూరు. 2022 మేలో కోనసీమ జిల్లాకి అంబేద్కర్ పేరు చేర్చుతామంటే అమలాపురంలో మంత్రి ఇల్లు తగలబెట్టారు, అదీ లెక్కలకి ముందే. తెలంగాణలో 2024 సర్వే చేశాక బీసీలు ముస్లిం బీసీలతో కలిపి 56.33 శాతం అని తేలింది, ఆ అంకె చూసి ఇబ్బంది పడిందెవరో వేరే చెప్పాలా.

పోయిన మాఘమాసంలో ఇంటికి ఒక పెళ్లికార్డు వచ్చింది. గేటు దగ్గర నిలబడేవాడే పంపాడు, వాడి కూతురి పెళ్లి, చీరాలలో. కార్డు మీద కీర్తిశేషులు ఫలానా గారి మనుమరాలు అని పూర్తి ఇంటిపేరుతో అచ్చేశారు. ఆ ఇంటిపేరు నేను అంతకుముందు ఎప్పుడూ వినలేదు. అమ్మ కళ్లద్దాలు పెట్టుకుని రెండుసార్లు చదివి ‘ఎవర్రా ఈయన?’ అంది. మన పాలేరమ్మా అన్నా.

‘ఓ, వాడా’ అంది.