అసీమ్‌తో ఆగిపోలేదు ఇండియన్ ఓషన్

ఇండీ పాటలు (సినిమాలతో పనిలేకుండా బ్యాండ్లు సొంతంగా చేసుకునేవి) వినే కుర్రాళ్లు ఢిల్లీ రాక్ బ్యాండ్ ఇండియన్ ఓషన్ గురించి ఈ మధ్య తెగ షేర్ చేస్తున్న మాట ఒకటుంది: "ఇండియన్ ఓషన్ కథ 2009లోనే అయిపోయింది. తర్వాత మిగిలింది పేరే. సినిమా పాటలతో నెట్టుకొస్తున్నారు. అయినా తబలా వాయించేవాళ్లది రాక్ ఎలా అవుతుంది?" విజయనగరంలో కూర్చుని పదిహేనేళ్లుగా ఈ బ్యాండ్‌ని వింటున్నవాణ్ని, జవాబు చెప్పకుండా ఉండలేను.

2009 డిసెంబర్ 25న బ్యాండ్ గాయకుడు, తబలా వాద్యకారుడు అసీమ్ చక్రవర్తి పోయారు. అది చిన్న దెబ్బ కాదు. స్టేజీ మీద మఠం వేసుకుని కూర్చుని, తబలా వాయిస్తూనే గొంతెత్తి పాడేవారాయన. ఆ ఒక్క మనిషి చోటు నింపడానికి ఇద్దరు కావలసి వచ్చారు: పాటకి హిమాంశు జోషి, తబలాకి తుహీన్ చక్రవర్తి. కానీ 2009తో సరి అనేవాళ్లు 2010ని మరిచిపోతున్నారు. ఢిల్లీ కరోల్ బాగ్‌లో ఏళ్ల తరబడి సాధన చేసిన ఇంటి చిరునామానే పేరుగా పెట్టి '16/330 ఖజూర్ రోడ్' ఆల్బమ్ తెచ్చారు. నెలకో పాట, ఇంటర్నెట్‌లో ఉచితంగా. అందులో అసీమ్ గొంతు ఉంది. తమ మనిషి పోయిన దుఃఖంలో ఉండి కూడా ఆయన పాటని అడిగినవాళ్లందరికీ పంచిపెట్టిన బ్యాండ్‌ని పట్టుకుని 'అయిపోయింది' అంటే నాకు మనసొప్పదు.

2013లో గిటారిస్ట్ సుష్మిత్ సేన్ వెళ్లిపోయాక గిటార్ మారిందన్నది మాత్రం నిజమే. తీగలు ఒకపక్క మోగుతూ ఉండగానే రాగం పలికించే ఆయన పద్ధతి నాకూ గుర్తొస్తుంది. ఆయన చోట వచ్చిన నిఖిల్ రావు గిటార్ పదును వేరు. అయితే ఈ బ్యాండ్ ఎప్పుడు మారలేదని? 1997 నాటి 'డెజర్ట్ రెయిన్' ఆల్బమ్‌లో వాద్యానిదే పైచేయి. 2000లో 'కందిసా' వచ్చేసరికి గొంతులు ముందుకొచ్చాయి, అదీ కేరళ సిరియన్ క్రైస్తవుల ప్రార్థనతో.

సినిమా పాటలంటారా, 'బ్లాక్ ఫ్రైడే' చేసినప్పుడు అసీమ్, సుష్మిత్ ఇద్దరూ ఉన్నారు. ఇద్దరూ లేని 2015లో 'మసాన్' వచ్చింది. రెండూ విని చెప్పండి.

ఇక తబలా మాట. ద్వారం వెంకటస్వామి నాయుడు గారు వయొలిన్ నేర్పిన ఊరు మాది. దొరల వాద్యం కదా, అది కర్ణాటక సంగీతం ఎలా అవుతుందని ఇక్కడ ఎవరూ అడగరు.

చిన్నప్పుడు శ్రీకాకుళం దగ్గర అమ్మమ్మ గారి ఊళ్లో జముకుల కథ చూసేవాణ్ని. జముకంటే ఒకవైపు చర్మం మూసిన గుల్ల, ఆ చర్మం మధ్యలోంచి ఒక తీగ. గుల్లని చంకలో ఇరికించి, తీగ కొసని ఒక చేత్తో లాగి పట్టుకుని, రెండో చేత్తో మీటేవారు. బిగిస్తే శ్రుతి పైకి లేచేది, సడలిస్తే బొంయ్‌మని జారేది. ఇండియన్ ఓషన్ డ్రమ్మర్ అమిత్ కిలమ్ బెంగాల్ సంచార గాయకులైన బావుల్‌ల వాద్యం గబ్‌గుబీ కూడా వాయిస్తారు. అదీ జముకు జాతిదే. మొదటిసారి ఇయర్‌ఫోన్స్‌లో ఆ శబ్దం, దాని కింద రాహుల్ రామ్ బేస్ గిటార్ కలిసి వినిపించినప్పుడు పాట ఆపేసి అమ్మకి ఫోన్ చేశాను. "మన జముకే కదరా" అంది.