కస్టడీ పిటిషన్‌లో బిడ్డ గురించి ఎన్ని పేరాలు?

కస్టడీ పిటిషన్లు చాలావరకు పెళ్లిచూపులతో మొదలవుతాయి. కట్నం, ఆడపడుచు సూటిపోటి మాటలు, పెద్దమనుషుల పంచాయితీ అన్నీ అయ్యాక, చివర్లో ఎక్కడో బిడ్డ కనిపిస్తుంది. విడాకుల కేసు పేరాలను అతికించడం వల్ల వచ్చే తంటా ఇది. గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం (1890) సెక్షన్ 25 కింద ఓపీ (ఒరిజినల్ పిటిషన్, అంటే అసలు కేసు) వేస్తే కోర్టు చూసేది బిడ్డ సంక్షేమమే. బడి నుంచి వచ్చాక ఎవరు చూసుకుంటారు? జ్వరమొస్తే ఆస్పత్రికి తీసుకెళ్లేదెవరు? ఫీజు ఎవరు కడుతున్నారు? వీటికి కాగితాలతో సహా జవాబు ఉండాలి.

విశాఖలో పరిధి గొడవ మరో చిక్కు. సెక్షన్ 9 ప్రకారం బిడ్డ మామూలుగా ఉండే చోటి కోర్టుకే అధికారం. నేవీ ఉద్యోగికి కొచ్చి బదిలీ అవుతుంది. లేదా బెంగళూరు కాపురం వదిలి తల్లి మధురవాడలోని పుట్టింటికి వస్తుంది. వచ్చిన వారానికే ఇక్కడ ఓపీ వేస్తే అవతలి వకీలు లేవనెత్తే మొదటి అభ్యంతరం ఇదే. ఆధార్‌లో అడ్రస్ మార్చుకున్నంత మాత్రాన గట్టెక్కలేరు. స్టడీ సర్టిఫికెట్, టీకాల కార్డు కూడా జతచేయాలి.

ఐదేళ్లలోపు బిడ్డ మామూలుగా తల్లి దగ్గర ఉండాలని హిందూ మైనారిటీ అండ్ గార్డియన్‌షిప్ చట్టం (1956) చెబుతుంది. ఐదు నిండగానే తండ్రికి అప్పగించాలని మాత్రం అందులో లేదు.

అసలు నష్టం వాయిదాల్లో జరుగుతుంది. కౌంటర్ (అవతలి పక్షం జవాబు), కౌన్సెలింగ్, క్రాస్ (సాక్షులకు ఎదురు ప్రశ్నలు) అంటూ ఏడాది గడిచేసరికి బిడ్డ ఒక ఇంటికే అలవాటు పడుతుంది. ఆ అలవాటే తర్వాత వాదనకు బలమవుతుంది. అందుకే ఓపీతో పాటే 1890 చట్టం సెక్షన్ 12 కింద మధ్యంతర ఐఏ (కేసు తేలేలోపు ఆర్డర్ కోరే దరఖాస్తు) వేయాలి. 'అప్పుడప్పుడు చూసే అవకాశం ఇప్పించండి' అని రాస్తే ఆర్డర్ కూడా అంతే నీరసంగా వస్తుంది. రెండో, నాలుగో ఆదివారం ఉదయం 10 నుంచి సాయంత్రం 5 దాకా, ఎవరు దిగబెట్టాలి, ఎవరు తీసుకెళ్లాలి, బుధవారం వీడియో కాల్ ఎన్నింటికి, దసరా, సంక్రాంతి సెలవుల్లో సగం ఎవరికి అన్నది విడివిడిగా అడగాలి. కలిసే చోటు కోర్టు వరండా కాకుండా చూడాలి. బేడీలతో ముద్దాయిలు నడిచే చోట నాలుగేళ్ల పిల్ల నాన్నతో ఏం ఆడుకుంటుంది?

అమరావతి హైకోర్టులో హెబియస్ కార్పస్ (మనిషిని కోర్టు ముందు హాజరుపరచమనే పిటిషన్) వేస్తే త్వరగా తేలుతుందని కొందరి ఆశ. బిడ్డను చట్టవిరుద్ధంగా అట్టేపెట్టుకున్నారని తేలితేనే అది నిలుస్తుందని సుప్రీంకోర్టు 2019లో చెప్పింది. లోతైన విచారణ కావాలంటే మళ్లీ ఫ్యామిలీ కోర్టు మెట్లెక్కాల్సిందే.

వయసును బట్టి బిడ్డ ఇష్టాన్నీ జడ్జి అడగవచ్చు. ఆరేళ్ల పిల్లాడు ఛాంబర్‌లో 'మానసిక వేధింపులు' అన్నాడంటే ఎవరు నేర్పారో వేరే చెప్పక్కర్లేదు.

ఆర్డర్ వచ్చాక బిడ్డను చూపించలేదని భరణం ఆపడం, భరణం రాలేదని బిడ్డను దాచడం రెండూ తప్పే. తప్పిన ప్రతి ఆదివారానికీ ఆ రోజే మెసేజ్ పెట్టి, అవన్నీ జతచేసి అదే కోర్టులో పిటిషన్ వేయాలి. బదిలీ, కొత్త స్కూలు లాంటి మార్పులొస్తే కస్టడీ ఆర్డర్‌నే సవరించమని అడగవచ్చు.